నాలుగు కనుమలు, నాన్న ప్రశ్నలు

నాన్న ముప్పై నాలుగేళ్లు గోదావరి నీళ్లు కొలిచారు. ధవళేశ్వరం హెడ్‌వర్క్స్‌లో ఉద్యోగంలో చేరి, కోనసీమ కాలవల మీద లాకు సూపరింటెండెంటుగా రిటైరయ్యారు. 1986 వరదప్పుడు రాత్రంతా నీటిమట్టం చూపే గేజి దగ్గరే నిలబడి గంటగంటకీ అంకె చెప్పిన కుర్రాళ్లలో ఆయనొకరు. జీవితమంతా నది చివరి అంచులోనే గడిచింది కానీ ఏ నదైనా పుట్టేచోటు ఒక్కటీ చూడలేదు. త్రయంబకం వెళ్దామని ఏటా అనుకోవడం, ఏటా ఏదో ఒకటి అడ్డం రావడం.

2023 వేసవిలో అమ్మా నాన్నా నా దగ్గరికి జూరిక్ వచ్చారు. ఒక రోజు మ్యాపు తెరిచి చూపించాను. స్విట్జర్లాండ్ మధ్యలో గొట్టార్డ్ కొండల చుట్టూ ఒక్క పూటలో తిరిగేంత జాగాలోనే నదులు పుట్టి మూడు సముద్రాల వైపు పోతాయి. రైన్ ఉత్తర సముద్రానికి, రోన్ మధ్యధరాకి, టిచీనో పో నదిలో కలిసి ఏడ్రియాటిక్‌కి. నాన్న కళ్లజోడు పెట్టుకుని ఆ మ్యాపు ముందు గంటసేపు కూర్చున్నారు. "ఇక్కడికి తీసుకెళ్లు అమ్మలూ" అన్నారు. వచ్చిన రెండు నెలల్లో ఆయన నోరు తెరిచి అడిగింది అదొక్కటే.

ఫుర్కా, గ్రిమ్సెల్, సుస్టెన్ అనే మూడు కనుమల్ని కలిపి చుట్టే దారి ఉంది. వేసవిలో పసుపు రంగు పోస్టు బస్సులు ఆ చుట్టు తిప్పుతాయి, ఖర్చూ చాలా తక్కువ. కుర్రవాళ్లయితే బస్సే మేలు. కానీ బస్సు దాని వేళకి ఆగుతుంది, దాని వేళకి కదులుతుంది. అమ్మకి మోకాళ్ల నొప్పులు. నాన్న ఒకచోట నిలబడ్డారంటే ఎప్పుడు కదులుతారో చెప్పలేం. నేనే కారు నడిపితే ఆ మలుపుల్లో నా కళ్లు రోడ్డు మీదే ఉంటాయి, నాన్న అడిగేవాటికి జవాబు చెప్పేవాళ్లుండరు. అందుకని ఒక రోజుకి కారూ, ఆ కొండలు తెలిసిన గైడూ కలిపి మాట్లాడాను. కారు మొత్తానికి 750 ఫ్రాంకులు, మన డబ్బుల్లో డెబ్బై వేల దాకా. నాన్న అడిగితే ఉన్నదున్నట్టు చెప్పేశాను. కాసేపు ఏమీ మాట్లాడలేదు. తరవాత, "అయితే నీళ్లు బాగా చూడాలి" అన్నారు.

మొదటి రోజు, సెప్టెంబర్ 1, శుక్రవారం

జూరిక్ నుంచి పాత గొట్టార్డ్ లైను మీద రైలు. 1882లో తెరిచిన లైను ఇది. ఎర్స్ట్‌ఫెల్డ్ దాటాక బండి కొండెక్కడం మొదలుపెడుతుంది. వాసెన్ అనే ఊళ్లో తెల్లటి చర్చి ఒకటుంది. మొదట అది మనకి పైన కనిపిస్తుంది. కాసేపు సొరంగంలో చీకటి. బయటికొస్తే అదే చర్చి మనతో సమానంగా. మళ్లీ సొరంగం, ఈసారి చర్చి కింద.

"ఇందాకటి గుడేగా ఇది?" అంది అమ్మ.

"రైలు నిటారుగా ఎక్కలేదు కదా, అందుకని కొండ లోపలే చుట్టు తిప్పి దారిని పొడుగు చేశారు" అన్నారు నాన్న. నేను చెప్పబోయే మాట అది. కాలవకి వాలు లెక్క ఎంత ముఖ్యమో ఆయనకి ఒకరు చెప్పక్కర్లేదు. వాలు ఎక్కువైతే గట్లు కోసుకుపోతాయి, తక్కువైతే మేట వేస్తుంది. పట్టాలకీ ఆ లెక్క ఉంటుందని ఆయనకి చూడగానే తెలిసిపోయింది.

గ్యోషెనెన్‌లో దిగాం. పెద్ద రైలు ఇక్కణ్ణుంచి పదిహేను కిలోమీటర్ల పాత సొరంగంలోకి వెళ్లిపోతుంది. ఆ సొరంగం తవ్వకంలో దాదాపు రెండు వందల మంది కూలీలు చనిపోయారు, ఎక్కువమంది ఇటలీ వాళ్లు. మేం మాత్రం రంపంలా పళ్లున్న పట్టా మీద పాకే చిన్న ఎర్ర రైలెక్కి ఆండర్‌మట్ చేరాం. పదో పదిహేనో నిమిషాల ప్రయాణం. హోటల్లో సామాను పెట్టి, అమ్మ చేసి తెచ్చిన పులిహోర తిని, షోలెనెన్ అనే ఇరుకు లోయకి నెమ్మదిగా నడుచుకుంటూ దిగాం.

రోయ్స్ నది అక్కడ రెండు రాతి గోడల మధ్య నుంచి పడుతుంది. పడుతుంది అంటే చాలదు, అరుస్తుంది. దాని మీద దెయ్యపు వంతెన. పదమూడో శతాబ్దంలో మొదట చెక్కతో కట్టారు, 1595లో రాతితో. అది 1888లో కూలిపోయింది. ఇప్పుడు నడిచేది 1830లో పూర్తయిన వంతెన, దానిపైన కార్లు పోయేది 1958 నాటిది. ఇక్కడ వంతెన నిలబెట్టడం మనుషుల వల్ల కాక దెయ్యంతో బేరం కుదుర్చుకున్నారట. వంతెన దెయ్యం కడుతుంది, మొదట దాటిన ప్రాణి దానిది. వంతెన పూర్తయ్యాక ఊరివాళ్లు మేకని తోలారు. దెయ్యం మండిపడి వంతెన మీద వెయ్యడానికి పెద్ద బండ మోసుకొస్తుంటే, దారిలో ఒక ముసలమ్మ ఆ బండ మీద శిలువ గుర్తు గీసిందట. దెయ్యం బండ వదిలేసి పారిపోయింది.

ఆ బండ ఇప్పటికీ గ్యోషెనెన్ దగ్గరుంది, 220 టన్నులు. 1977లో మోటారు రోడ్డుకి అడ్డం వస్తే పగలగొట్టకుండా, ఎత్తి 127 మీటర్లు పక్కకి జరిపి నిలబెట్టారు.

అమ్మకి ఆ రోజు మొత్తం మీద నచ్చింది ఇదే. మా వీధి చివర రావిచెట్టు రోడ్డు వెడల్పులో పోయినప్పుడు అమ్మ రెండు రోజులు అన్నం సరిగా తినలేదు. "రాయిని జరిపారు చూడు" అని దారంతా అంటూనే ఉంది.

1799 సెప్టెంబరులో సువోరోవ్ నాయకత్వంలో రష్యా సైన్యం ఈ ఇరుకులోనే ఫ్రెంచివాళ్లతో పోరాడి దాటింది. వాళ్ల జ్ఞాపకంగా కొండ రాతిలో పెద్ద శిలువ తొలిచి ఉంది. ఈ రాళ్ల మధ్య బూట్లతో, గుర్రాలతో, ఆకలితో ఎలా నడిచారో తలుచుకుంటే ఒళ్లు జలదరించింది.

సాయంత్రం ఆండర్‌మట్‌లో నది మీద చిన్న వంతెన దగ్గర నాన్న ఆగిపోయారు. జేబులోంచి పేపరు ముక్క తీస్తున్నారేమో అనుకున్నాను. కాదు, గట్టు మీంచి ఎండుపుల్ల ఏరారు. ఒడ్డు వెంట ఇరవై అడుగులు వేసి గుర్తు పెట్టుకుని, నన్ను అవతల నిలబెట్టి, పుల్ల నీళ్లలో వేసి వాచీ చూశారు. ఫ్లోటు, నీటి వేగం కొలిచే పద్ధతి. చిన్నప్పుడు కాలవ గట్టు మీద నాతో చేయించిన పనే. మూడుసార్లు చేసి సగటు కట్టారు. తరవాత ఒడ్డున ఒక రాయి చూసుకుని, దాని మీద నీళ్లు ఎక్కడిదాకా తగులుతున్నాయో మనసులో పెట్టుకున్నారు. "రేప్పొద్దున చూద్దాం" అన్నారు.

రెండో రోజు, సెప్టెంబర్ 2, శనివారం

పొద్దున ఏడింటికే నాన్న రాయి దగ్గరున్నారు. నీళ్లు నాలుగు వేళ్లు తగ్గాయి.

సరిగ్గా ఎనిమిదికి గైడొచ్చింది. అరవైకి దగ్గర పడ్డ మనిషి, ఇదే లోయలో పుట్టి పెరిగింది. ఇరవై ఏళ్లకి పైగా ఈ కనుమల మీద పోస్టు బస్సు నడిపి, ఇప్పుడు సొంత కారులో మనుషుల్ని తిప్పుతోంది. కారెక్కే ముందు నాన్నని అడిగింది, మీకు ముఖ్యంగా ఏం చూడాలనుంది అని. నాన్న "వాటర్" అని ఒక్క మాట అని, వెంటనే నదిలో నీళ్లు రాత్రికి రాత్రి ఎందుకు తగ్గాయో అడిగారు. ఆమె ముఖం వెలిగింది. పై కొండల్లో మంచు పగలంతా కరుగుతుంది, ఆ నీరు సాయంత్రానికి కిందికి దిగుతుంది, రాత్రి చలికి కరగడం తగ్గి తెల్లారేసరికి నది సన్నబడుతుంది. వేసవిలో రోజూ ఇదే వరస. ఫోటోలు బాగా వచ్చేచోట్లు రెండు వదిలేసి, ఆనకట్ట దగ్గర, మంచు నది (గ్లేషియర్) దగ్గర ఎక్కువసేపు ఆగేటట్టు దారి అప్పటికప్పుడు మార్చింది. మాకు కావలసింది సరిగ్గా ఇదే. కారుకి ఇచ్చిన డబ్బులో సగం ఆ ఒక్క ప్రశ్నకే చెల్లిపోయిందని నేననుకున్నాను.

ఆండర్‌మట్ నుంచి హోస్పెంటాల్, రియాల్ప్ దాకా లోయ చదునుగా, పచ్చగా, విశాలంగా ఉంటుంది. "ఈ లోయంతా నీళ్లలో ఉండాల్సింది" అంది గైడు. కరెంటు కోసం షోలెనెన్ ఇరుకు దగ్గర పెద్ద ఆనకట్ట కట్టి, ఈ మూడు ఊళ్లనీ ముంచాలని పథకం వేశారు. ఊళ్లు ఒప్పుకోలేదు. 1946 ఫిబ్రవరిలో ఒక రాత్రి ఆండర్‌మట్ జనం పథకం తరఫున వచ్చిన ఇంజనీరుని కొట్టి ఊళ్లోంచి తరిమేశారు. చివరికి ఆ పథకం మూలపడింది. అంతటితో అయిపోలేదు. పక్కనే ఉన్న గ్యోషెనెర్ ఆల్ప్ లోయలో ఆనకట్ట కట్టారు, అక్కడి చిన్న పల్లె మునిగిపోయింది.

నాన్న కిటికీలోంచి బయటికి చూస్తూ ఉండిపోయారు. దేవీపట్నంలో ఆయన స్నేహితుడి ఇల్లుండేది. పాపికొండలు వెళ్లినప్పుడల్లా అక్కడే భోజనం. పోలవరం కాఫర్ డ్యామ్ వెనక నీళ్లు ఎగదన్నాక ఆ ఇల్లిప్పుడు లేదు. చాలాసేపయ్యాక గైడుని ఒక్కటే అడిగారు, ఆ పల్లెవాళ్లు ఎక్కడికి వెళ్లారని. కొంతమందికి పైన కొత్త ఇళ్లు కట్టిచ్చారు, కొంతమంది వెళ్లిపోయారు అంది.

రియాల్ప్ దాటాక దారి పైకి లేస్తుంది. మలుపు మీద మలుపు. ఎదురొచ్చే బండికి ఇక్కడ ఒక పద్ధతుంది: ఇరుకైన చోట దిగేవాడు ఆగాలి, ఎక్కేవాడికి దారివ్వాలి. మన ఘాట్లలోనూ ఇదే మర్యాద. నీలం పలక మీద పసుపు బూర బొమ్మ ఉంటే అది పోస్టు బస్సు తిరిగే కొండ దారి. అక్కడ బస్సు డ్రైవరు ఎలా తప్పుకోమంటే అలా తప్పుకోవాలి. మలుపు అవతల నుంచి మూడు స్వరాల హారన్ వినిపించింది. గైడు కారు గోడకి ఆనించి ఆపింది, పెద్ద పసుపు బస్సు మా అద్దానికి జానెడు దూరంలోంచి జారిపోయింది. ఆ డ్రైవరు ఈమెని గుర్తుపట్టి చెయ్యి ఊపాడు.

కింద లోయలో ఆవిరి బండి పొగ కనిపించింది. 1982లో ఫుర్కా కింద పదిహేను కిలోమీటర్ల సొరంగం తెరవగానే పై పట్టా మూతపడింది. రైళ్లంటే ప్రాణమిచ్చే స్వచ్ఛంద కార్యకర్తలు ముక్కముక్కగా దాన్ని బాగుచేసి, 2010 నాటికి రియాల్ప్ నుంచి ఓబర్‌వాల్డ్ దాకా మొత్తం నడిపించారు. ఎప్పుడో వియత్నాంకి అమ్మేసిన పాత ఇంజన్లని 1990లో వెతికి ఓడల్లో వెనక్కి తెచ్చుకున్నారు. ఆ లైను మీద స్టెఫెన్‌బాఖ్ వాగు వంతెన ఒకటుంది. చలికాలం మంచుచరియలు దాన్ని ఊడ్చేస్తాయని ఏటా శరదృతువులో మడిచి పక్కకి లాగేస్తారు, వేసవి ముందు మళ్లీ నిలబెడతారు. నాన్న కారాపించారు. గట్టు అంచున కూర్చుని, దూరంగా కనిపిస్తున్న ఆ ఇనప వంతెన బొమ్మ తన డైరీలో గీసుకున్నారు. తెగేచోట తెగనివ్వకుండా ముందే తీసి పెట్టుకోవడం ఆయనకి బాగా నచ్చింది. వరద ముందు లాకు తలుపుల దగ్గర తాను చేసిన పనీ అలాంటిదే అన్నారు.

ఫుర్కా కనుమ, 2,429 మీటర్లు. గాలి కోసేస్తోంది. అమ్మ శాలువా తల మీంచి కప్పుకుంది. ఇటు పడ్డ చినుకు రోయ్స్‌లో చేరి, ఆరెలో, ఆ తరవాత రైన్‌లో కలిసి ఉత్తర సముద్రానికి పోతుంది. అటు పడ్డది రోన్‌లో చేరి జెనీవా సరస్సు మీదుగా ఫ్రాన్సు దాటి మధ్యధరాలో కలుస్తుంది. నాన్న రెండు కాళ్లూ రెండు వైపులా పెట్టి నిలబడ్డారు. నేను ఫోటో తీస్తానంటే వద్దన్నారు. అలా నిలబడటమే ఆయనకి కావలసింది.

కాస్త దిగితే బెల్వెడేర్ మలుపు. రోడ్డు వంకీ మధ్యలో పాత హోటలు, కొన్నేళ్లుగా మూసేసి ఉంది. పక్కన చిన్న దుకాణంలో టిక్కెట్టు తీసుకుని లోపలికి నడిస్తే రోన్ మంచు నది.

ఇక్కడ మాకు గంటన్నర పట్టింది. మొదట కనిపించింది మంచు కాదు, దుప్పట్లు. మంచు నది కొస మీద, సొరంగం తొలిచిన భాగం అంతా, తెల్లటి మందపాటి గుడ్డలు పరిచారు, ఎండకి కరగకుండా. కొన్ని చిరిగాయి, కొన్ని మట్టిపట్టి బూడిదరంగయ్యాయి, అంచుల కింద నుంచి నీళ్లు ధారగా కారుతున్నాయి. లోపల సొరంగం నీలం. ఆ నీలానికి పోలిక నా దగ్గర లేదు. గోడలు వేలితో తాకితే తడి. పైనుంచి మెడ మీద చినుకులు. దశాబ్దాలుగా ఏటా ఈ సొరంగాన్ని కొత్తగా తొలుస్తూ వస్తున్నారు, ఎందుకంటే మంచు కదులుతూనే ఉంటుంది, నిరుటిది ఈ ఏడు పనికిరాదు.

బయటికొచ్చాక గైడు కింద లోయలో ఉన్న గ్లెట్ష్ పల్లె చూపించింది. పందొమ్మిదో శతాబ్దం మధ్యలో ఈ మంచు అక్కడిదాకా దిగి ఉండేది. కిటికీలోంచి మంచు నది కనిపిస్తుందనే అక్కడ హోటల్ కట్టారు. ఇప్పుడు మంచుకీ ఆ హోటల్‌కీ మధ్య నున్నటి బోడి రాతి వాలు. కొస దగ్గర కొత్తగా ఒక సరస్సు. తాను చిన్నప్పుడు తండ్రితో వచ్చినప్పుడు సరస్సు ఉన్నచోట మంచు మీద నడిచానంది గైడు. ఆమె గొంతు అక్కడ కొంచెం తగ్గింది.

రెండు వారాల కిందటే, ఆగస్టు 20 రాత్రి, స్విస్ వాతావరణ శాఖ బెలూను సున్నా డిగ్రీలు తాకేసరికి 5,298 మీటర్ల ఎత్తుకి వెళ్లాల్సి వచ్చింది. 1954 నుంచి కొలుస్తున్నారు, అంత ఎత్తు ఎన్నడూ లేదు. అంటే ఆల్ప్స్‌లో అన్నిటికంటే పెద్ద శిఖరం మీద కూడా మంచు కరిగే వేడి. మేం జూరిక్ తిరిగొచ్చాక ఆ నెలాఖరున లెక్క బయటికొచ్చింది: 2022లో స్విస్ మంచు నదుల ఘనపరిమాణంలో ఆరు శాతం, 2023లో మరో నాలుగు శాతం పోయాయి. రెండేళ్లలో పదో వంతు.

నాన్న ఆ రోజు ఈ అంకెలు వినలేదు. ఆయన దుప్పటి అంచు కింద కారే ధారలనే చూస్తూ నిలబడ్డారు. "ఇది రిజర్వాయరమ్మలూ" అన్నారు. "తలుపులు లేని రిజర్వాయరు. మన గోదారికి వానలే పుట్టిల్లు, వాన పడ్డప్పుడే నీళ్లు. వీళ్లకి ఎండలో నీళ్లొస్తాయి, వీళ్ల అదృష్టం. ఈ నిల్వ అయిపోతే ఎండాకాలం కిందవాళ్లకి ఏం వదుల్తారు?" గైడుకి నేను జర్మన్‌లో చెప్పాను. ఆమె జవాబు చెప్పలేదు. కాసేపయ్యాక నాన్న భుజం మీద చెయ్యి వేసి, రండి, నీళ్లు ముట్టుకుందురుగాని అంది.

గ్లెట్ష్ దగ్గర రోన్ ఇంకా వాగే. నీళ్లు పాలు కలిపినట్టు బూడిద తెలుపు. మంచు నది రాతిని పిండిలా నూరి తెస్తుంది, అందుకే ఆ రంగు, ఇక్కడివాళ్లు దాన్ని మంచు నది పాలు అంటారు. "మన ఎర్రనీరు లాంటిదే" అన్నారు నాన్న. ఆషాఢంలో గోదారికి కొత్త నీరు వచ్చినప్పుడు ఊరంతా చూడటానికి వెళ్లే సంగతి గైడుకి చెప్పించారు. అమ్మ చెప్పులు విప్పి, నా చెయ్యి పట్టుకుని రాళ్ల మీంచి ఒడ్డుకి దిగింది. నీళ్లు చేత్తో తీసుకుని మూడుసార్లు తల మీద చల్లుకుంది. పర్సులో పసుపు కుంకుమల పొట్లం ఉంది. తీసింది, ఒక క్షణం ఆలోచించింది, ఆ నీళ్లలో ఏమీ కలపలేదు. కుంకుమ తన నుదుటనే పెట్టుకుని, నాకూ పెట్టి, నదికి దణ్ణం పెట్టింది. గైడు దూరంగా నిలబడి చూస్తోంది. అమ్మ పిలిస్తే దగ్గరికొచ్చి తనూ నుదురు వంచింది.

అక్కణ్ణుంచి గ్రిమ్సెల్, 2,164 మీటర్లు. కనుమ మీదే నల్లటి చిన్న సరస్సు, పేరు టోటెన్‌జే, చచ్చినవాళ్ల సరస్సు. 1799లో ఫ్రెంచి, ఆస్ట్రియా సైన్యాల పోరులో పడ్డవాళ్లని అందులో వేశారని చెబుతారు. అవతలికి దిగితే గ్రిమ్సెల్ జలాశయం, దాని పక్కన రాతి గుట్ట మీద హాస్పిస్ అనే సత్రం. 1142 నాటికే ఇక్కడ బాటసారుల సత్రం ఉన్నట్టు కాగితాలున్నాయి. పాత సత్రం ఈ నీళ్ల అడుగున ఉంది. జలాశయం నింపేముందు ఈ గుట్ట మీద కొత్తది కట్టారు.

ఆనకట్ట దగ్గర నాన్న యాభై నిమిషాలు కదల్లేదు. స్పిటల్లామ్ పాత ఆనకట్ట 1932లో పూర్తయింది, 114 మీటర్ల ఎత్తు. కాంక్రీటులో పగులు కనిపించింది. వీళ్లు దాన్ని కూలగొట్టలేదు, దాని ముందే వంపు తిరిగిన కొత్త ఆనకట్ట కట్టడం 2019లో మొదలుపెట్టారు. అది పూర్తయ్యాక పాతది అలాగే నీళ్లలో మునిగి ఉండాలని పథకం. మేం వెళ్లినప్పుడు క్రేన్లు తిరుగుతున్నాయి, కొత్త గోడ చాలా వరకు లేచింది. వేసవి కొన్ని నెలలే పని, మిగతాదంతా మంచు. నాన్న అడిగినవన్నీ రాస్తే ఇంకో వ్యాసం అవుతుంది: కాంక్రీటు ఎక్కణ్ణుంచి వస్తుంది, పగులు ఎవరు కనిపెట్టారు, ఊటనీరు ఎక్కడ కొలుస్తారు. కొన్నిటికి గైడు దగ్గర జవాబుంది, కొన్నిటికి లేదు. లేనివి ఆమె చిన్న పుస్తకంలో రాసుకుంది. కాటన్ దొర కట్టించిన పాత ఆనకట్ట బలహీనపడితే దాని పక్కనే మనం బ్యారేజీ కట్టుకున్నాం, పని ఒకటే అన్నారు నాన్న. 1852లో పూర్తయిన ఆ ఆనకట్ట గురించి ఆయన మాట్లాడితే ఇంట్లో పెద్దాయన గురించి మాట్లాడినట్టే ఉంటుంది.

పెరుగన్నం అక్కడే, గాలికి వీపు పెట్టి తిన్నాం.

ఇన్నర్ట్‌కిర్షెన్ దాకా దిగేసరికి అమ్మకి మలుపులకి కళ్లు తిరిగాయి. గైడు కారు నీడలో ఆపి, వెనక సీటు దించి పడుకోబెట్టింది. అరగంట అక్కడే. సొంత బండి కాబట్టి ఆగగలిగాం. సుస్టెన్ దారిలో సగం అమ్మ నిద్రలోనే గడిచింది.

సుస్టెన్ రోడ్డు 1938లో మొదలై యుద్ధకాలమంతా సాగి 1945కి పూర్తయింది. మొదటినుంచీ మోటారు బళ్ల కోసం గీసిన దారి కాబట్టి మలుపులు విశాలంగా, మెత్తగా తిరుగుతాయి. ఎడాపెడా రాతి సొరంగాలు. కనుమ 2,224 మీటర్లు, దిగువన స్టైన్ మంచు నదీ దాని కింద సరస్సూ. అందం మాటకొస్తే మూడిట్లోకీ ఇదే మిన్న అని నా అభిప్రాయం. కానీ ఆ రోజు నాకు గుర్తుండిపోయింది గైడు చెప్పిన మాట. ఈ కనుమకి ఇటు పడ్డ నీరు ఆరెకి పోతుంది, అటు పడ్డది రోయ్స్‌కి. రెండూ చెరో దారినా వందకి పైగా కిలోమీటర్లు తిరిగి, బ్రుగ్ ఊరి దగ్గర మళ్లీ కలుస్తాయి.

"కలుస్తాయా!" అన్నారు నాన్న. ధవళేశ్వరం దగ్గర విడిపోయిన గౌతమీ వశిష్ఠా మళ్లీ కలవవు, ఎవరి సముద్రం వాళ్లదే. బ్రుగ్ జూరిక్‌కి అరగంట. వచ్చే వారం తీసుకెళ్తానని అక్కడే మాటిచ్చాను.

వాసెన్ మీదుగా ఆండర్‌మట్ చేరేసరికి అయిదున్నర. గైడు వెళ్లబోతుంటే అమ్మ డబ్బా తెరిచి ఆత్రేయపురం పూతరేకు చేతిలో పెట్టింది. ఆమె కాగితం విప్పబోయింది. అది కాగితం కాదు, బియ్యప్పిండి రేకు, అలాగే తినాలని చూపించాం. తిని, కాసేపు ఏమీ అనకుండా, ఇంకొకటి ఇంటికి తీసుకెళ్లొచ్చా అని అడిగింది. అమ్మ డబ్బానే ఇచ్చేసింది.

సాయంత్రం నాన్న రాయి దగ్గర నీళ్లు నాలుగు వేళ్లు ఎక్కి ఉన్నాయి.

మూడో రోజు, సెప్టెంబర్ 3, ఆదివారం

తిరుగు ప్రయాణానికి ముందు సగం పూట ఉంది. ఆండర్‌మట్ నుంచి ఎర్ర రైల్లో ఓబరాల్ప్ కనుమకి ఎక్కాం, 2,044 మీటర్లు. రైన్ పుట్టేచోటుగా చెప్పే టోమా సరస్సు అక్కణ్ణుంచి గంటన్నర నడక. అమ్మ మోకాళ్లకి అది కుదరదు, నాన్న ఒక్కరూ వెళ్లనన్నారు.

రైలు దిగగానే గడ్డి కొండ మీద ఎర్రటి లైట్‌హౌస్. సముద్రం ఎక్కడో ఉంది, కొండ నెత్తిన దీపస్తంభం! రైన్ 1,230 కిలోమీటర్లు ప్రవహించి నెదర్లాండ్స్‌లో సముద్రం చేరేచోట ఒకప్పుడు ఉన్న లైట్‌హౌస్‌కి ఇది చిన్న నకలు. 2010లో ఇక్కడ నిలబెట్టారు, ఇదే నీరు అక్కడిదాకా వెళ్తుందని చెప్పడానికి.

నాన్న నడక ఆపేశారు. మాది సఖినేటిపల్లి పక్క పల్లె. అంతర్వేదిలో వశిష్ఠ సముద్రంలో కలిసేచోట, అన్నాచెల్లెళ్ల గట్టు దగ్గరి లైట్‌హౌస్ చూస్తూ పెరిగిన మనిషి. నది అయిపోయేచోట ఉండాల్సింది నది మొదలయ్యేచోట కనిపించింది. దగ్గరికెళ్లి దాని గోడ మీద అరచెయ్యి ఆనించి చాలాసేపు నిలబడ్డారు. అమ్మ ఆయన పక్కకి వెళ్లి ఊరికే నిలబడింది.

తరవాత నా ఫోను అడిగారు. కాలవల మీద ఆయన కింద పాతికేళ్లు పనిచేసిన లస్కరుకి వీడియో కాల్ చేయమన్నారు. అక్కడ మధ్యాహ్నం రెండున్నర అవుతోంది. అవతల కొబ్బరి చెట్లు, తువ్వాలు భుజాన, నెరిసిన మీసం కనిపించాయి. "ఒరేయ్, ఇలా చూడరా" అని నాన్న ఫోను లైట్‌హౌస్ వైపు తిప్పారు. "అంతర్వేదాండీ?" అన్నాడతను. "కాదురా, ఇది నది పుట్టేచోటు." అని, గడ్డి మధ్యలోంచి తూర్పుకి దిగే సన్నటి పాయ వైపు నడిచి, వంగి, ఫోను నీళ్లకి దగ్గరగా పట్టారు. నీళ్ల చప్పుడు అతనికీ వినిపించినట్టుంది. కాసేపు మాట్లాడలేదు.

"గేజి ఎంతుందండీ?" అని అడిగాడు.

నాన్న చెయ్యి ముంచి చూశారు. "జానెడు."